జేజేలు దక్కాయి, జీతం దక్కలేదు

1946 జనవరి మొదటివారంలో, బ్రిటిష్ వాళ్లపై పోరాడిన ఆజాద్ హింద్ ఫౌజ్ అధికారులు షా నవాజ్ ఖాన్, ప్రేమ్ సెహగల్, గురుబక్ష్ సింగ్ ధిల్లాన్ ఎర్రకోట నుంచి విడుదలైనప్పుడు జనం వాళ్లకు బ్రహ్మరథం పట్టారు. సైనిక న్యాయస్థానం వేసిన యావజ్జీవ ద్వీపాంతరవాస శిక్షను సర్వసేనాని ఆకిన్‌లెక్ రద్దు చేశాడన్నది అందరికీ గుర్తుంది. కొలువు నుంచి తొలగింపునూ జీతభత్యాల జప్తునూ మాత్రం ఆయన అలాగే ఉంచాడన్నది ఎవరికీ గుర్తులేదు. యుద్ధం నుంచి వచ్చినవాడు ఊళ్లో ఇమడలేకపోతే అతని మనసు కుదుటపడలేదంటాం. ఆజాద్ హింద్ ఫౌజ్ సైనికుల విషయంలో ఆ మాట చాలదు. వాళ్లను ఇమడనీయనిది సర్కారు దస్త్రం. బ్రిటిష్ వాళ్లు విచారణ శిబిరాల్లో ఈ సిపాయిలను విధేయతను బట్టి తెలుపు, బూడిద, నలుపు అని మూడు రంగులుగా విడగొట్టారు. నలుపు పడ్డవాడికి తెలిసిన ఒక్క వృత్తీ ఆ రోజుతో పోయింది. స్వాతంత్ర్యం వచ్చాక మన ప్రభుత్వం కూడా వాళ్లను సైన్యంలోకి తిరిగి తీసుకోలేదు.

బ్రిటిష్ సైన్యంలో చేసిన ప్రమాణం తప్పినవాళ్లను మళ్లీ చేర్చుకుంటే సైన్యంలో క్రమశిక్షణ ఏం కావాలని అడగవచ్చు. దేశ విభజన వేళ ఆ భయం ఉత్తది కాదని నేనూ ఒప్పుకుంటాను. అయితే తుపాకీ ఇవ్వకపోవడం వేరు, బువ్వకు దారి చూపకపోవడం వేరు. షా నవాజ్ ఖాన్ కేంద్రమంత్రి కాలేదా, మన హైదరాబాదు ఆబిద్ హసన్ రాయబారి కాలేదా అనేవాళ్లూ ఉన్నారు. నిజమే, కానీ వాళ్లు చదువూ హోదా ఉన్నవాళ్లు. మలయా రబ్బరు తోటల నుంచి ఫౌజులో చేరిన కూలీకి యుద్ధం తర్వాత మిగిలింది మళ్లీ ఆ తోటే.

స్వాతంత్ర్య సమరయోధుల పింఛను పథకం 1972లో గానీ రాలేదు. అప్పట్లో నెలకు కనీసం 200 రూపాయలు. కుటుంబ ఆదాయం ఏడాదికి 5,000 దాటితే అదీ లేదు. ఆరు నెలల నిర్బంధానికి రుజువు చూపాలి. జైలు రికార్డు దొరక్కపోతే తోటి ఖైదీ సంతకం తేవాలి. ఫౌజు సైనికులను బంధించిన నీల్‌గంజ్ శిబిరంలో పక్కన పడుకున్నవాడు ఏ ఊళ్లో ఉన్నాడో, అసలున్నాడో లేడో పాతికేళ్ల తర్వాత వెతుక్కోవాలన్నమాట. ఇది గౌరవించే పద్ధతి కాదు. ఆదాయ పరిమితిని 1980లో ఎత్తేశారు. 1945లో పాతికేళ్ల సిపాయికి అప్పటికి అరవై ఏళ్లు.