ఫోర్ట్‌లీ గాజుకప్పు స్టూడియో

హాలీవుడ్డునకు ఇంకను ఆ ప్రతిష్ఠ రాకపూర్వము అమెరికా చలనచిత్రములకు ఆటపట్టుగా నుండినది నేను కాపురముండు ఈ న్యూజెర్సీ రాష్ట్రమే యని వ్రాసినచో, మామిడికోతల తొందరలో నున్న మా నూజివీటివారు నమ్ముదురో లేదో! హడ్సన్ నది కావలియొడ్డున, న్యూయార్కునకు ఎదురుగా నున్న ఫోర్ట్‌లీ యను చిన్న యూర, 1912లో సోలాక్స్ కంపెనీవారు ఎండ వెలుతురు లోపలికి ప్రసరించుటకై గాజుకప్పుతో ఒక స్టూడియో కట్టిరి. ఆ కంపెనీని నడిపినది, చిత్రములు పెక్కింటికి దర్శకత్వము వహించినది, ఆలిస్ గీ బ్లాషే యను ఫ్రెంచి వనిత. మావలెనే సముద్రము దాటి వచ్చినది. నటులకు కనబడునట్లు ‘సహజముగా నుండుడు’ అని పెద్ద అక్షరముల పలక కట్టించినది. నేటి మన నటులలో కొందరికిని చూపదగిన పలకయే.

అంతకుముందు ఆమె పారిస్‌లో గోమోఁ కంపెనీ యజమానికి కార్యదర్శిని. ఉత్తరముల పని చెడకుండ చిత్రము తీసికొనుమని అతడు సెలవీయగా, క్యాబేజీలనుండి పసిపిల్లలను వెలికితీయు దేవకన్య కథను 1896లో తీసితినని ఆమెయే చెప్పుకొన్నది. ఆనాటి మాయాచిత్రముల కిటుకు మిక్కిలి చిన్నది: నటుడు కదలక నిలుచును, కెమేరా పిడి త్రిప్పువాడు చేయి ఆపును, నటుని తప్పించి ఆ చోట కుర్చీ యుంచి మరల త్రిప్పుదురు, తెరపై మనిషి కుర్చీ యగును. ఇంద్రజాలికుడైన మెలియెస్ ఈ విద్యలో జగత్ప్రసిద్ధుడు; ఆలిస్ పేరు మాత్రము మరుగుపడినది. 1922లో స్వదేశమునకు మరలిన ఆమెకు చిత్రములు తీయు అవకాశము మరల రాలేదు. తన చిత్రములకై వార్ధక్యమున వెదకగా పెక్కులు దొరకలేదు. కొన్ని యితరుల పేర గ్రంథస్థమై యుండెను. 1968లో ఈ న్యూజెర్సీలోనే కన్నుమూసినది.

మన ప్రాంతమునకును ఇట్టి కథ గలదు. మీర్జాపురము రాజావారు 1949లో ‘కీలుగుర్రము’ చిత్రమున గుర్రమును ఆకాశమున కెగిరించిరి, వారి శోభనాచల సంస్థ పేరు మన ఆగిరిపల్లి కొండ పేరే. ఆ యేడే వారి సతీమణి కృష్ణవేణిగారు ‘మనదేశం’ నిర్మించిరి. ఎన్.టి. రామారావుగారి తొలిచిత్ర మదియని పిల్లలు సైతము చెప్పుదురు. నిర్మాత యెవరన్న పెద్దలును తడుముకొందురు. ‘చండీరాణి’ని 1953లో మూడు భాషలలో డైరెక్టు చేసిన భానుమతిగారు గాత్రముచేతను నటనచేతను నిలిచిరి గాని, దర్శకురాలిగా వారిని ముందు తలచువారు తక్కువ.

కావున మీ యిండ్లలో పాతపెట్టెల నడుగున శోభనాచలవారి పాటలపుస్తకములు గాని, కరపత్రములు గాని యున్నచో చెదలపాలు గానీయక, వానిపై నచ్చైన పేర్లన్నియు ముందొక నోటుపుస్తకమున ఎత్తి వ్రాసి యుంచుడు.