మురీనా, ఫిలిగ్రానా: రంగు గాజు కడ్డీల కళ

గాజుపాత్ర తయారయ్యాక దాని మీద బొమ్మ వేయడం ఒక పద్ధతి. బొమ్మను ముందే గాజు కడ్డీ లోపల ఇమిడ్చి, ఆ కడ్డీ ముక్కలతో పాత్రనే కట్టడం మరో పద్ధతి. ఈ రెండో పనికి వెనిస్ పక్కనున్న మురానో దీవి పేరుమోసింది. కడ్డీని అడ్డంగా ఎక్కడ కోసినా అదే పువ్వో, నక్షత్రమో, ముఖమో బయటపడుతుంది. ఆ బిళ్ళను మురీనా అంటారు. పూల బిళ్ళలను ఒత్తుగా పేర్చి చేస్తే మిల్లెఫియోరి. కడ్డీలను బిళ్ళలుగా కోయకుండా, పొడవునా వెళ్ళే తెల్ల గీతలూ మెలికలూ పాత్ర గోడలో కనబడేలా వాడితే ఫిలిగ్రానా.

అన్నిటికీ మూలం సాగదీయడమే. మేస్త్రి ఇనుప ఊచ చివర కరిగిన గాజు ముద్దను తీసుకుని నక్షత్రపు అచ్చులో అదుముతాడు. దాని మీద మరో రంగు గాజు పూత పట్టించి ఇంకో అచ్చులో పెడతాడు. ఇలా పొర మీద పొర ఎక్కాక రెండో మనిషి తన ఊచను ముద్ద అవతలి కొసకు అంటిస్తాడు. ఇద్దరూ చెరోవైపు నడుస్తారు. తిరునాళ్ళలో జీళ్ళ పాకం సాగినట్టు గాజు సాగుతుంది. 8 సెంటీమీటర్ల లావున్న ముద్ద 8 మిల్లీమీటర్ల కడ్డీ అయ్యేసరికి పొడవు 100 రెట్లు పెరుగుతుంది. అంటే 15 సెంటీమీటర్ల ముద్ద నుంచి 15 మీటర్ల కడ్డీ వస్తుంది. ఆ వేడిలో గాజు మెత్తబడుతుందే తప్ప పలచబడి పారదు కనుక లోపలి పొరలు కలగాపులగం కావు. రేకులన్నీ ఒకే పాళ్ళలో సన్నబడతాయి. నడక వేగం తప్పితే మాత్రం కడ్డీ ఒకచోట లావుగా, ఒకచోట దారంలా తయారవుతుంది. రంగులన్నీ చల్లారేటప్పుడు ఒకే మేర ముడుచుకోవడం మరో అవసరం. అలా కుదరకపోతే ఎంత అందమైన పాత్రయినా పగిలిపోతుంది. మురానో కుటుంబాలు రంగుల పాళ్ళను ప్రాణంలా దాచుకోవడానికి ఇదొక కారణం.

ఊదుడు గొట్టం పుట్టకముందే ఈ విద్య ఉంది. మెసొపొటేమియాలో క్రీ.పూ. 15వ శతాబ్దం ప్రాంతానికే రంగు గాజు ముక్కలను అతికించి పాత్రలు చేశారు. క్రీ.పూ. 1వ శతాబ్దం నాటి ఈజిప్టు పనివాళ్ళ తెలివి మరీ ముచ్చటైనది. నాటకాల ముఖాల బొమ్మలకు వాళ్ళు కడ్డీలో సగం ముఖమే కట్టేవారు: ఒక కన్ను, ఒక కనుబొమ్మ, సగం ముక్కు, సగం నోరు. వరసగా రెండు బిళ్ళలు కోసి, ఒకదాన్ని తిరగేసి రెంటినీ జోడిస్తే నిండు ముఖం. రెండు చెంపలూ సరితూగాయా లేదా అన్న బాధే లేదు. రోమన్ కాలంలో చారల గిన్నెలు, మెలిక కడ్డీ అంచులున్న గిన్నెలు విరివిగా వచ్చాయి. ఊదిన గాజు చవకగా దొరకడం మొదలయ్యాక ఈ ఓపిక పని క్రమంగా వెనకబడింది.

వెనిస్ ప్రభుత్వం 1291లో గాజు కొలుములను నగరం నుంచి మురానోకు తరలించింది. కడ్డీ పని అక్కడ మళ్ళీ చిగురించింది 15వ శతాబ్దం చివర్లో. నీలం, తెలుపు, ఎరుపు పొరల గొట్టాన్ని ముక్కలు చేసి, రెండు కొసలూ అరగదీస్తే 12 మొనల నక్షత్రం బయటపడే రొసెత్తా పూస అప్పటిదే. దాన్ని మురానో గాజు మేస్త్రి ఆంజెలో బరోవియర్ కూతురు మరియెత్తాకు ఆపాదించడం ఆనవాయితీ. 1487లో ఆమెకు చిన్న కొలిమి కట్టుకునే అనుమతి దొరికినట్టు పత్రం ఉంది. ఈ పూసలు తర్వాత వర్తకుల వెంట ఆఫ్రికాకూ అమెరికా ఖండాలకూ వెళ్ళాయి. సాగదీసిన గొట్టం నుంచి పూసలు కోయడం మన దగ్గరా పాత విద్యే. తిరుపతి దగ్గరి పాపానాయుడుపేటలో పొడవాటి ఇనుప గొట్టానికి గాజు ముద్ద పట్టించి, కొలిమి నుంచి సన్నటి గొట్టాన్ని లాగుతూ పూసలు చేసిన సంప్రదాయం ఉంది. అయితే అవి ఒకే రంగు పూసలు. లోపల నక్షత్రాలు ఉండవు.

ఫిలిప్పో, బెర్నార్దో కతాని అనే అన్నదమ్ములు 1527లో మెలిక దారాల గాజుకు ప్రత్యేక హక్కు కోరి పొందారు. పాల వంటి తెల్ల గాజు దారాలను తేటగాజులో పొదిగి తిప్పితే కడ్డీలో మెలికలు పడతాయి. అలాంటి కడ్డీలను పలక మీద పక్కపక్కన పేర్చి, వేడికి అతుక్కున్నాక ఊదుడు గొట్టపు కొసకు చుట్టి ఊదుతారు. వీటిలో రెటిచెల్లో రాజు. కుడివైపు మెలి తిరిగిన బుడగ లోపలికి ఎడమవైపు మెలి తిరిగిన బుడగను ఊదితే గీతలు వలలా అల్లుకుంటాయి. ప్రతి గడిలో ఒక చిన్న గాలి బొట్టు చిక్కుకుంటుంది. ఎక్కడైనా గడి వంకర పోతే దాచే దారి లేదు. మిల్లెఫియోరి పూలకు పేరెక్కువ గానీ, చేతిపనిగా చూస్తే ఈ వలదే పైచేయి.

ఈ కళకు ఒక బలహీనత కూడా ఉంది. పాత్ర చేయాలంటే ముందు రకరకాల కడ్డీల నిల్వ కావాలి, కలిసి పనిచేసే బృందం కావాలి. 1797లో వెనిస్ గణతంత్రం కూలి, ఆ తర్వాత నెపోలియన్ పాలనలో వృత్తి సంఘాలు రద్దయ్యాక రెండూ చెదిరిపోయాయి. తిరిగి నేర్చుకున్నవాళ్ళు పాత పాత్రలనే గురువులుగా పెట్టుకోవలసి వచ్చింది. దొమెనికో బుస్సొలిన్ 1830లలో ఫిలిగ్రానాను మళ్ళీ పట్టాలెక్కించాడు. 1845లో వియన్నా ప్రదర్శనలో పియెత్రో బిగాలియా పెట్టిన మిల్లెఫియోరి పేపర్‌వెయిట్లను చూసిన ఫ్రెంచి రసాయన శాస్త్రవేత్త యూజెన్ పెలిగో స్వదేశానికి నివేదిక పంపాడు. ఆ తర్వాత వెనిస్‌ను ఫ్రాన్స్ మించిపోయింది. సెయింట్ లూయీ, బకారా, క్లిషీ కర్మాగారాలు దాదాపు పదిహేనేళ్ళు ఈ పేపర్‌వెయిట్లతో హోరెత్తించాయి. కొన్నిటిలో పూల మధ్య తయారైన సంవత్సరం కూడా మురీనాగా దాగి ఉంటుంది. బకారా కడ్డీల్లోని కోడి, మేక, ఏనుగు వంటి బొమ్మలకు మూలం అక్కడి మేనేజరు బంధువైన గ్రిదెల్ అనే కుర్రవాడు కాగితంతో కత్తిరించిన ఆకారాలు.

వెనిస్‌లో అదే కాలంలో జియోవాన్ని బత్తిస్తా ఫ్రాంకిని, ఆయన కొడుకు జాకొమో దీపపు మంట ముందు కూర్చుని కొన్ని మిల్లీమీటర్ల వ్యాసంలో మనుషుల ముఖాలు కట్టారు. కళ్ళు, గడ్డం, మీసం దేనికది విడిగా లాగిన దారాలు. అన్నీ కట్టగా కూర్చి, కరిగించి, మళ్ళీ లాగేవారు. గరిబాల్ది ముఖం అలా వచ్చిందే. జాకొమో 1860లలో మతి చెడి పని మానేశాడు. ఆ స్థాయి పోలికలు తర్వాత చాలా అరుదు. 1870లలో విన్చెంజో మొరెత్తి రోమన్ గిన్నెలను చూసి ఆ పద్ధతిని పునర్నిర్మించాడు. ఆయన పని 1878 పారిస్ ప్రదర్శనకు చేరింది.

20వ శతాబ్దంలో కార్లో స్కార్పా మురానోలోని వెనీని గాజు సంస్థలో పువ్వులు వదిలేసి, మురీనాలను నునుపైన రంగు పలకలుగా వాడాడు. 1969లో అక్కడికి వచ్చిన అమెరికన్ రిచర్డ్ మార్క్విస్ విద్య నేర్చుకుని, క్రైస్తవుల ప్రభు ప్రార్థన మొత్తాన్ని అక్షరాలతో ఒకే మురీనాలో ఇరికించాడు. 1979లో లినో తల్యపియెత్ర అమెరికాలోని పిల్చక్ పాఠశాలలో పాఠాలు చెప్పడం మొదలుపెడితే, దీవి రహస్యాలు బయటపెడుతున్నాడని మురానోలో కొందరు మండిపడ్డారు. గణతంత్రం రోజుల్లో గాజు పనివాడు దేశం దాటడమే నేరం మరి. ఆస్ట్రేలియాలో క్లాస్ మోయె కొలిమి పక్కన పెట్టి, రంగు పట్టీలను బట్టీలో కలిపి కరిగించి పలకలు చేశాడు. 1982లో కాన్‌బెరా ఆర్ట్ స్కూల్‌లో గాజు శాఖ ఆయన చేతుల మీదే మొదలైంది. అటు మురానోలో బయటి సరుకు దీవి పేరుతో అమ్ముడుపోవడం పెరిగి, వెనెతో ప్రాంతీయ ప్రభుత్వం 1994లో దీవిలో తయారైన గాజుకు ప్రత్యేక ముద్రను చట్టం చేసింది.