శనివారం సాయంత్రం గోడ

భిలాయి పవర్‌హౌస్ స్టేషన్‌లో దిగి క్యాంప్ 2 సందుల్లోకి మళ్లేసరికి పొద్దు గుంకుతోంది. మలుపులో ట్రాలీ నుంచి ఇటుకలు దించుతున్నారు. మేస్త్రీ అప్పటికే దారం లాగేశాడు. ఆ దారం పక్కింటి పెరట్లోకి మూడడుగులు వచ్చేసింది. పాత మట్టిగోడ కూలిపోయి ఉంది.

"ఓలమ్మో! మా మావ కట్టిన గోడరా అది! ఎవుల్నడిగి పడగొట్టినారు?"

పక్కింటి ముసలామె గొంతులో శ్రీకాకుళం యాస చెక్కుచెదరలేదు. 1955 తర్వాత ఉక్కు కర్మాగారం పనులకు ఆ వైపు నుంచి కూలికొచ్చిన కుటుంబాలకు ఇలాంటి లేబర్ క్యాంపులే నీడ. రేపు ఆదివారం, కోర్టు ఉండదు. సోమవారానికి సిమెంటు గట్టిపడిపోతుంది. కబ్జాదారులు ఈ లెక్క చూసుకునే పని మొదలెడతారు.

"అత్తా, అరవకు. కాయితాలు తియ్యి, థానాకి పోదాం," అంటాడు మేనల్లుడు. మీరూ వెనకే నడవండి. ప్లాస్టిక్ సంచిలో కరెంటు బిల్లులు, ఇంటిపన్ను రసీదులు, 1984 చట్టం కింద భూమిలేనివాళ్లకిచ్చిన పట్టా.

పోలీస్ థానాలో అవతలివాడు ముందే వచ్చి కూర్చున్నాడు, చేతిలో నోటరీ చేయించిన స్టాంపు కాగితం. మున్షీ (స్టేషన్ రైటరు) తలెత్తకుండానే అంటాడు: "సివిల్ మామ్లా హై, అమ్మా. కోర్ట్ జాయియే."

సగం నిజమే. స్థలం ఎవరిదో తేల్చే అధికారం థానాకి లేదు. అక్కడ తెలుగు రాష్ట్రాల్లో హైదరాబాద్, అమరావతి హైకోర్టులు కూడా సివిల్ తగాదాల్లో తలదూర్చొద్దని పోలీసులకు పదేపదే చెప్పాయి. కానీ గోడ పగలగొట్టి చొరబడటం నేరం. భారతీయ న్యాయ సంహిత 329వ సెక్షన్ అందుకే ఉంది. ఇలాంటి నేరంపై ఫిర్యాదు వస్తే ఎఫ్ఐఆర్ రాయాల్సిందేనని లలితా కుమారి కేసులో సుప్రీంకోర్టు 2013లోనే చెప్పింది. 'సివిల్' అన్న ఒక్క మాటతో ముసలామెని గుమ్మం నుంచే తిప్పి పంపడం నాకు సహించరాని అన్యాయం.

టీఐ (థానా ఇన్‌చార్జి) ఇద్దర్నీ లోపలికి పిలుస్తాడు. కసురుకోడు, మెత్తగానే మాట్లాడతాడు. "చెరి సగం వదులుకోండి. రాజీ కాగితం మీద సంతకం పెట్టేయండి."

అసలు ప్రమాదం ఇక్కడుంది. ఆ కాగితంతో హక్కు తేలదు. కానీ రేపు కోర్టులో 'నువ్వే ఒప్పుకున్నావుగా' అని ఆమె మీదకే తెస్తారు. ఇంకుప్యాడ్ ముందుకు జరిగింది. ఆమె బొటనవేలు లేచింది.

"వద్దత్తా!" మేనల్లుడు చెయ్యి పట్టుకున్నాడు. "సార్, రాజీ వద్దు. ఎఫ్ఐఆర్ రాయండి. గొడవ ముదిరేలా ఉందని ఎస్‌డీఎంకి రిపోర్టు పంపండి."

భారతీయ నాగరిక్ సురక్షా సంహిత 164వ సెక్షన్ చెప్పేది అదే. ఎస్‌డీఎం (సబ్ డివిజనల్ మేజిస్ట్రేట్) యాజమాన్యం జోలికి పోడు, స్వాధీనం ఎవరిదో చూస్తాడు. పోలీసు రిపోర్టుకు ముందు రెండు నెలల్లోపు బలవంతంగా వెళ్లగొట్టినవాళ్లను స్వాధీనంలో ఉన్నట్టే లెక్కించవచ్చు. సివిల్ కోర్టులో అయితే స్వాధీనం తిరిగి అడగడానికి ఆరు నెలల గడువు. ఇంటికెళ్లి ఏడుస్తూ కూర్చుంటే ఈ గడువులు కరిగిపోతాయి.

టీఐ కాసేపు ఏమీ అనలేదు. తర్వాత పని ఆపించి రమ్మని ఇద్దరు సిపాయిల్ని పంపాడు. మేనల్లుడు హిందీలో దరఖాస్తు రాస్తున్నాడు. మొదటి వాక్యం స్వాధీనం గురించే: ఈ సాయంత్రం దాకా పెరడు మా చేతిలోనే ఉంది. మున్షీ దాన్ని రోజ్‌నామ్చాలో (స్టేషన్ డైరీ) ఎక్కించి నంబరు చెప్పాడు. ముసలామె కరెంటు బిల్లు వెనక్కి తిప్పి ముందుకు చాచింది.

"ఆ నంబరు దీని మీద రాసియ్యి బాబూ. సోమారం దుర్గ్ కోర్టుకి ఎల్లాల."