శబ్దస్థాయి సమీకరణ (నష్టరహిత డిజిటల్ సంగీతం)

వేర్వేరు కాలాల్లో, వేర్వేరు పరికరాలపై రికార్డయిన పాటలను వరుసగా వింటున్నప్పుడు మాటిమాటికీ వాల్యూమ్ సవరించే పని లేకుండా వాటిని ఒకే వినికిడి స్థాయికి తెచ్చే పద్ధతి శబ్దస్థాయి సమీకరణ. ఫ్లాక్ వంటి నష్టరహిత ఫైళ్లలో దీనికి ఎక్కువగా వాడే విధానం రీప్లేగెయిన్. 2001లో డేవిడ్ రాబిన్సన్ దీన్ని ప్రతిపాదించాడు. ఎన్ని డెసిబెల్స్ పెంచాలో, తగ్గించాలో ఫైల్ ట్యాగులో రాసి ఉంటుంది. ప్లేయర్ దాన్ని చదివి వినిపించేటప్పుడే సవరిస్తుంది.

కొలత

అత్యధిక శిఖరాన్ని బట్టి పాట ఎంత బిగ్గరగా వినబడుతుందో చెప్పలేం. అందుకే రీప్లేగెయిన్ 2.0, అంతర్జాతీయ టెలికమ్యూనికేషన్ యూనియన్ వారి బీఎస్.1770 కొలతను అనుసరిస్తుంది. చెవి గ్రహింపుకు తగ్గట్టు పౌనఃపున్యాలకు తూకం వేసి, ధ్వనిని 400 మిల్లీసెకన్ల ముక్కలుగా కొలుస్తారు. నిశ్శబ్దాన్ని, మరీ మెల్లని ముక్కలను లెక్కలోంచి తీసేస్తారు. ఆదిలాబాద్ గోండు గూడేల్లో దీపావళి వేళ సాగే దండారి, గుస్సాడి నృత్యాల రికార్డింగుల్లో ఆటకూ ఆటకూ మధ్య వచ్చే నిశ్శబ్దం సగటును కిందికి లాగకపోవడం ఇందువల్లే. ఈ కొలతలో వినికిడి స్థాయిని ఎల్‌యూఎఫ్‌ఎస్ అనే ప్రమాణంలో చెబుతారు. లక్ష్యం −18 ఎల్‌యూఎఫ్‌ఎస్. −8 దగ్గరున్న సినిమా పాటకు 10 డెసిబెల్స్ తగ్గింపు, −26 దగ్గరున్న పాత క్యాసెట్ రికార్డింగుకు 8 డెసిబెల్స్ పెంపు పడతాయి.

పాటవారీ, ఆల్బమ్‌వారీ

ట్యాగుల్లో రెండు విలువలుంటాయి. ఒకటి ఆ పాటకే చెందినది, రెండోది ఆల్బమ్ మొత్తానికి ఉమ్మడిది. కరీంనగర్ ప్రాంతపు ఒగ్గుకథకు రెండోదే తగినది. హన్మాజీపేటకు చెందిన మిద్దె రాములు వంటి కథకులు పేరు తెచ్చిన ఈ కళలో మెల్లగా చెప్పే వచనం వెంటే డోళ్లు, తాళాల హోరు లేస్తుంది. కథను భాగాలుగా విడగొట్టి పాటవారీ విలువ వాడితే వచనం పెరిగి, దరువు తగ్గి, రెండూ ఒకే మట్టానికి వస్తాయి. ఆల్బమ్‌వారీ విలువ ఆ తేడాను అలాగే ఉంచుతుంది.

పరిమితులు

పెంపుతో శిఖరాలు గరిష్ఠ హద్దు దాటితే ధ్వని చిట్లుతుంది. పై క్యాసెట్‌లో శిఖరం −3 డెసిబెల్స్ దగ్గరుంటే ప్లేయర్ 8 బదులు 3 డెసిబెల్సే పెంచేలా అమర్చుకోవచ్చు. పెంపుతో పాటు టేపు బుస కూడా పెరుగుతుంది.

అసలు ధ్వని మాత్రం మారదు. ఫ్లాక్ ఫైల్‌లో ధ్వనికి సంబంధించిన ఎండీ5 సంకేతం ట్యాగులు రాయకముందు ఎంతో, రాశాక కూడా అంతే. ట్యాగు తీసేస్తే పాట మునుపటి స్థాయిలోనే వినిపిస్తుంది.