ఎలెన్ జాన్సన్ సర్లీఫ్: లెక్కలు తెలిసిన అధ్యక్షురాలు

ఆఫ్రికా ఖండంలో ప్రజల ఓట్లతో దేశాధినేత అయిన తొలి మహిళ ఎలెన్ జాన్సన్ సర్లీఫ్. 2006 నుంచి 2018 వరకు లైబీరియాను పాలించారు. అభిమానులు ‘ఉక్కు మహిళ’ అని పిలుచుకున్నా, ఆమె అసలు బలం జమాఖర్చుల్లో ఉంది.

1938 అక్టోబరు 29న రాజధాని మన్రోవియాలో పుట్టారు. అమెరికా నుంచి వలస వచ్చిన నల్లజాతి కుటుంబాల చేతుల్లోనే అధికారమంతా ఉన్న ఆ దేశంలో, స్థానిక తెగల నుంచి చట్టసభకు ఎన్నికైన మొదటి వ్యక్తి ఆమె తండ్రి. ఎలెన్‌కు 17 ఏళ్లకే పెళ్లయింది. నలుగురు కొడుకులు. పిల్లలను అయినవాళ్ల దగ్గర వదిలి అమెరికా వెళ్లి అకౌంటింగ్ చదివారు. భర్త కొట్టే దెబ్బలు పడలేక విడాకులు తీసుకున్నారు. 1971లో హార్వర్డ్ పట్టా అందుకున్నారు.

1979లో ఆర్థిక మంత్రి అయ్యారు. ఏడాది తిరక్కుండానే, 1980 ఏప్రిల్ 12న సార్జంట్ శామ్యూల్ డో అధ్యక్షుడు టాల్బర్ట్‌ను చంపించి గద్దెనెక్కాడు. పది రోజులకు పాత ప్రభుత్వ పెద్దలు 13 మందిని సముద్రపు ఒడ్డున స్తంభాలకు కట్టి కాల్చేశారు. సర్లీఫ్ ప్రాణాలతో బయటపడి, ఆ ఏడాదే దేశం విడిచి బ్యాంకు ఉద్యోగంలో చేరారు. నోరు మాత్రం కట్టేసుకోలేదు. పాలకులను మూర్ఖులని తిట్టినందుకు 1985లో, స్వదేశానికి వచ్చాక, పదేళ్ల శిక్ష పడింది. విదేశాల ఒత్తిడితో విడుదలై, సెనేట్‌కు గెలిచి కూడా, రిగ్గింగుకు నిరసనగా ఆ సీటులో కూర్చోలేదు. మళ్లీ జైలు.

డో మీద కోపంతో మొదట్లో చార్లెస్ టేలర్ తిరుగుబాటుకు మద్దతిచ్చి, డబ్బు కూడగట్టారు. ఆ టేలర్ దేశాన్ని నెత్తుటి మడుగు చేశాడు. 1997 ఎన్నికల్లో ఆయన చేతిలోనే ఆమె ఓడిపోయారు. ఈ మచ్చ చెరగలేదు: ఆమెను 30 ఏళ్లు పదవులకు దూరంగా ఉంచాలని 2009లో సత్యశోధన, సయోధ్య కమిషన్ సిఫారసు చేసింది. ఆ సిఫారసు చెల్లదని సుప్రీంకోర్టు తేల్చిన 2011లోనే నోబెల్ శాంతి బహుమతి ముగ్గురిలో ఒకరిగా ఆమెకు దక్కింది.

2005 ఎన్నికల తొలి విడతలో ఫుట్‌బాల్ తార జార్జ్ వియా ముందున్నా, రెండో విడతలో 59 శాతానికి పైగా ఓట్లతో ఆమె గెలిచారు. చేతికొచ్చింది ఖాళీ ఖజానా. దశాబ్దంన్నరగా చీకట్లో ఉన్న మన్రోవియాలో 2006 జులైలో కొన్ని వీధి దీపాలు వెలిగించడమే పెద్ద వార్త. 2007 నుంచి ఆమె కార్యాలయానికి కాపలా కాసింది ఐక్యరాజ్య సమితి పంపిన భారత సీఆర్‌పీఎఫ్ మహిళా దళం. 2010 నాటికి 400 కోట్ల డాలర్లకు పైగా విదేశీ అప్పు రద్దు చేయించారు. ఆర్థికవేత్తగా ఆమె సాధించిన పెద్ద విజయం ఇదే.

కొడుకులకు కీలక పదవులిచ్చారన్న విమర్శ బాగా దెబ్బతీసింది. నోబెల్ పంచుకున్న లేమా బోవీయే 2012లో ఆమెను బహిరంగంగా తప్పుపట్టారు. 2014లో విరుచుకుపడ్డ ఎబోలాకు 4,800 మందికి పైగా బలయ్యారు.

2018 జనవరిలో వియాకు పగ్గాలు అప్పగించారు. ఎన్నికైన నేత మరో ఎన్నికైన నేతకు ప్రశాంతంగా అధికారం ఇవ్వడం లైబీరియాలో 1944 తర్వాత అదే మొదలు. తమ అభ్యర్థిని కాదని వియాకు సాయపడ్డారంటూ, అదే నెలలో సొంత యూనిటీ పార్టీ ఆమెను బహిష్కరించింది.