కోట మ్యాప్‌లో లేని దారి

 

పోయిన నెల హాస్టల్ పిల్లోళ్లం గండికోట పోయినాం. పెన్నా లోయ అంచున కూర్చొని ఫోన్‌లో మ్యాప్ తెరిచినా. అందులో మాధవరాయ గుడి, జుమ్మా మసీదు, ధాన్యాగారం అన్నీ ఉన్నాయి. అంత పెద్ద ధాన్యాగారానికి గింజలు ఎవరు మోసినారు, ఏ దారిన తెచ్చినారు అన్నది మాత్రం లేదు. అప్పుడు మా అవ్వ పాట గుర్తొచ్చింది.

మేం సుగాలీలం. అవ్వ విసుర్రాయి తిప్పుతా గోర్ బోలీలో ఒక పాట పాడేది. అందులో కథేమీ ఉండదు. ఒక బావి పేరు, తర్వాత ఒక గుట్ట, తర్వాత ఎద్దుల్ని విప్పే చోటు, తర్వాత ఒక వంక. చిన్నప్పుడు నాకు విసుగొచ్చేది. డిగ్రీలో చరిత్ర చదివినాక తెలిసింది, అవ్వ పాడింది మావాళ్లు నడిచిన దారి అని.

1650లో మీర్ జుమ్లా పెమ్మసాని నాయకుల నుంచి గండికోట గెలుచుకున్నాడు. 1652లో తావెర్నియే అనే ఫ్రెంచి నగల వ్యాపారి అతన్ని కలవడానికి ఈ కోటకే వచ్చినాడు. మన దేశంలో సరుకు ఎట్లా రవాణా అవుతాదో రాస్తూ ఇదే తావెర్నియే ఎద్దుల బిడారుల గురించి కూడా చెప్పినాడు. పది పన్నెండు వేల ఎద్దులు బియ్యం, గోధుమలు, ఉప్పు మోసుకొని పోతాయంట. ఇరుకు దారిలో ఎదురుపడితే అవి దాటేదాకా రెండు మూడు రోజులు ఆగాల్సిందేనంట. ఆ బిడారులు మన బంజారాలవే.

అన్ని ఎద్దులకు రోజూ నీళ్లు, మేత దొరకాలి. ఒక్క మజిలీ తప్పితే పశువులు చస్తాయి. చదువు రాని మనుషులు అన్ని పేర్లు వరస తప్పకుండా గుర్తు పెట్టుకోవాలంటే పాటకన్నా మంచి సాధనం ఏముంటాది? రాగం పేర్ల వరసను పట్టి ఉంచుతాది. మధ్యలో ఒక పేరు జారిపోతే పాడే నోటికే తెలిసిపోతాది.

ఇది మన ఒక్కరి సంగతి కాదు. పాపువా న్యూగినీ అడవుల్లో కలూలీ అనే జనం పాటల్లో ఊర్లు, వాగులు వరసగా వస్తాయి. ఆ వరసను వాళ్లు దారి అనే పిలుస్తారు. స్టీవెన్ ఫెల్డ్ అనే పరిశోధకుడు వాళ్ల దగ్గర ఉండి, 1982లో పుస్తకం రాసినాడు. శబ్దంతో లోకాన్ని తెలుసుకోవడం గురించిన ఈ చదువుకు తర్వాత ఎకౌస్టెమాలజీ అని పేరు పెట్టినాడు. మా అవ్వకు ఆ పేరు తెలీదు, పని తెలుసు.

మరి మన దారులు ఎట్లా పోయినాయి? 1800లో నిజాం మన సీమను కంపెనీకి ఇచ్చేసినాడు. తర్వాత కాలిన్ మెకంజీ ఇక్కడ సర్వే చేయించినాడు, ఊరూరి కైఫియత్తులు రాయించినాడు. గండికోటకూ కైఫియత్తు ఉంది. కానీ అవి ఊరు, భూమి ఉన్నోళ్ల లెక్కలు, ఎక్కువగా కరణాల దగ్గర్నుంచి వచ్చినవి. నడిచే జనానికి అందులో చోటు తక్కువ. 1871కి మద్రాసు నుంచి కడప మీదుగా రాయచూరు దాకా రైలు పడింది. ఎద్దుల బేరం చచ్చింది. అదే 1871లో నేరస్థ తెగల చట్టం వచ్చింది, 1911 చట్టంతో మద్రాసు రాష్ట్రానికీ పాకింది. ఉప్పు మోసిన ఎరుకలోళ్లు, మనోళ్లు నడిస్తేనే అనుమానం. 1952లో ఆ చట్టం పోయింది గానీ దారులు తిరిగి రాలేదు.

కెనడాలో గిట్‌క్సాన్ తెగ పెద్దమ్మ ఒకామె భూమి కేసులో కోర్టులోనే తమ పాట పాడింది. కింది జడ్జి వాళ్ల నోటి చరిత్రకు విలువ ఇవ్వలేదు. 1997లో అక్కడి సుప్రీంకోర్టు మాత్రం నోటి చరిత్రను కూడా సాక్ష్యంగా చూడాల్సిందే అనింది. మన అటవీ హక్కుల నిబంధనల్లోనూ పెద్దల వాంగ్మూలం, పాత బావులు, శ్మశానాలు రుజువులుగా ఉన్నాయి. పాట ఒక్కటే పట్టా తెచ్చివ్వదు. కానీ ఏ బావి కోసం వెతకాలో, ఏ గుట్ట దగ్గర మన సమాధులు ఉన్నాయో చెప్తాది. అడవి అంచు తండాలకు, నల్లమల చెంచు పెంటలకు అది చిన్న సంగతి కాదు.

ఆరేళ్లకే నన్ను హాస్టల్‌లో వేసినారు. గోర్ బోలీ నాకు సగమే వచ్చు. ఈసారి ఇంటికి పోయి అవ్వను పాడమంటే నాలుగో పేరు దగ్గర ఆగిపోయింది. "తర్వాత యాడికే అవ్వా?" అంటే నా మొహం చూసి, "నువ్వు అడుగుతావని ఎవరికి తెలుసురా" అనింది.

అందుకే ఒక్క మాట అడుగుతున్నా. సెలవులకు పోయినప్పుడు అవ్వనో తాతనో పాడమని ఫోన్‌లో రికార్డు చేయండి. పేర్లు వరసగా తెలుగు అక్షరాల్లో రాసుకోండి. ప్రతి పేరు దగ్గరా "తర్వాత యాడికి?" అని అడగండి. నేను ఆలస్యం చేసినా, మీరు చేయొద్దు.