జామీను సంతకం: ఒక చట్టచరిత్ర

రైతు ఋణాల చరిత్ర వ్రాసినవారు షావుకారును గూర్చి వ్రాశారు, అప్పుపడ్డ రైతును గూర్చి వ్రాశారు. ఆ ఇద్దరి మధ్య నిలిచి నోటుమీద సంతకం పెట్టిన మూడోవాని ఊసు మాత్రం తక్కువ. అప్పు సొమ్ములో ఒక్క రూపాయి అతని చేతికి రాదు. పంట పోతే అతని చేను వేలానికి వస్తుంది.

గుంటూరు, ప్రకాశం మైదానాలలో యీ మూడోవాడు ఎవరు? బావమరిది, వియ్యంకుడు, పక్కచేని రైతు. పత్తికీ మిరపకూ పెట్టుబడి ఎక్కువ. కౌలుదారుకు తనదైన భూమి లేదు. కనుక భూమి వున్నవాని సంతకం తెమ్మంటాడు అప్పిచ్చేవాడు. కాదంటే చుట్టరికం చెడుతుంది. ఇది లాభం చూసుకొని చేసిన ఒప్పందం కాదు, కాదనలేక పెట్టిన సంతకం.

చట్టం యీ తేడాను గుర్తించలేదు. 1872 నాటి కాంట్రాక్టు చట్టం 128వ సెక్షను ప్రకారం, ఒప్పందంలో వేరుగా చెప్పుకోకపోతే జామీనుదారుని బాధ్యత అసలు ఋణగ్రస్తుని బాధ్యతతో సమానం. ఇంగ్లీషు వర్తకుల లోకంలో పుట్టిన సూత్రమిది. జామీనుదారునికి చెప్పకుండా షరతులు మార్చినా, అసలు ఋణగ్రస్తుని విడిచిపెట్టినా అతని బాధ్యత తొలగుతుందని అదే చట్టం అన్నది. అయితే ఆ రక్షణలను ముందే వదులుకొన్నట్టు హామీపత్రంలోనే వ్రాయించుకోవడం బ్యాంకులకు వాడుక. కుడిచేత్తో చట్టం యిచ్చినదానిని ఎడమచేత్తో అచ్చుకాగితం తీసుకొన్నది.

1929 మాంద్యంతో ధరలు కూలాయి. మద్రాసు రాష్ట్రపు గ్రామీణ ఋణం 150 కోట్ల రూపాయలని 1930లో బ్యాంకింగు విచారణ సంఘం అంచనా వేసింది. 1935లో సత్యనాథన్ నివేదిక దానిని 200 కోట్లన్నది. 1937-38లో ఆంధ్ర రైతులు ఇచ్ఛాపురం నుండి మద్రాసుకు కాలినడకన సాగారు. ఆ వేడిలోనే, రాజాజీ మంత్రివర్గ కాలంలో, 1938 నాటి 4వ చట్టం వచ్చింది. 1932 అక్టోబరుకు ముందు చేసిన అప్పులపై 1937 అక్టోబరు 1 నాటికి నిలిచివున్న వడ్డీ రద్దయింది. అసలుకు రెట్టింపు ముట్టివుంటే అప్పే తీరిపోయినట్టు.

ఈ మేలు వ్యవసాయదారునికే. మరి అతనికి జామీనుపడ్డవాడు వ్యవసాయదారు కాకపోతే? పాత మొత్తమంతా అతని నెత్తినే పడాలా? మద్రాసు హైకోర్టు ఫుల్ బెంచి దీనికి జవాబు చెప్పింది: చట్టం వల్ల అసలువాని బాకీ ఎంత తగ్గితే జామీనుదారుని బాకీ కూడా అంత తగ్గుతుంది. ఉరి బిగించిన 128వ సెక్షనే యిక్కడ ముడి సడలించింది. గమనించండి: న్యాయం కోర్టు నోట వచ్చింది, కాని దానికి దారి వేసినది రైతుల కదలిక. కొత్త చట్టం లేనిదే ఆ పాత సెక్షనులో దయ కనిపించేది కాదు.

ఆ చట్టం అండ లేనిచోట ఏమి జరిగిందో 1968లో తేలిపోయింది. ముందు అసలు ఋణగ్రస్తుని ఆస్తిమీదికి వెళ్ళు, తరువాత జామీనుదారుని పట్టుకో అని ఒక క్రింది కోర్టు బ్యాంకుకు షరతు పెట్టింది. బ్యాంక్ ఆఫ్ బీహార్ కేసులో సుప్రీంకోర్టు ఆ షరతును కొట్టివేసింది. వసూలు వాయిదాపడితే జామీనుకు అర్థమే లేదన్నది. తర్కం పొరపాటు కాదు. ఆ తర్కం ఎవరి పక్షాన నిలిచిందన్నదే ప్రశ్న.

మిగిలిన రక్షణలు చిన్నవి. సివిల్ ప్రొసీజర్ కోడు 60వ సెక్షను వ్యవసాయదారు నివసించే యింటినీ, పనిముట్లనూ, పశువులనూ జప్తునుండి తప్పిస్తుంది, పొలాన్ని తప్పించదు. చెల్లించే శక్తి లేనివానిని కేవలం బాకీ కోసం జైలుకు పంపరాదని 1980లో జాలీ జార్జి కేసులో సుప్రీంకోర్టు తీర్పు చెప్పింది. 2002 నాటి సర్ఫేసీ చట్టం హామీదారునూ ఋణగ్రస్తునిగానే లెక్కవేసింది. వ్యవసాయ భూమిని మాత్రం తన పరిధినుండి మినహాయించింది.

1987-88లో తెల్లదోమ పత్తిని తిన్నది. యీ జిల్లాలలో రైతులు ప్రాణాలు తీసుకొన్నారు. 2021-22లో నల్ల తామరపురుగు మిరపను తిన్నది. పురుగు పట్టింది ఒక చేనుకు. బాకీ పట్టింది రెండు కుటుంబాలకు. అందుచేత ఋణవిముక్తి కోరే ప్రతి ఉద్యమమూ తన కోరికలలో జామీనుదారుని పేరును కూడా చేర్చాలి. 1938 చెప్పే పాఠం అదే: రైతు కదిలినప్పుడే కోర్టు తలుపు తెరుచుకొన్నది.